"నా యెఱుక"లో తల్లి గొంతు: ఆదిభట్ల నారాయణదాసు వంశస్మృతి, కళావ్యక్తిత్వం

వ్యాససంగ్రహం:

ఆదిభట్ల నారాయణదాసు (1864–1945)ను తెలుగు సాహిత్యలోకం "హరికథా పితామహుడు"గా స్థిరపరచుకుంది. ఒక కళారూపానికి ఆయన చేసిన సేవను ఈ బిరుదు చెబుతుంది గాని, సంగీతం, సాహిత్యం, నృత్యం, అభినయం, బహుభాషాపాండిత్యం ఒకే మనిషిలో ఎలా కూడాయో చెప్పదు. ఆయన ఆత్మకథ "నా యెఱుక"ను, తొలినాటి హరికథల ఇతివృత్తాలను, అచ్చతెనుగు రచనలను ఒకదాని పక్కన ఒకటి పెట్టి చదివితే, ఆ కళావ్యక్తిత్వానికి మూలం తండ్రి వైపు శ్రోత్రియ వారసత్వంలో కంటె ఇంటి స్త్రీల వినికిడి సంప్రదాయంలో ఎక్కువగా కనిపిస్తుంది. ఈ వ్యాసం ఆ మూలాన్ని పరిశీలిస్తుంది. ఆ వారసత్వంలో దాసు నిలుపుకున్నదేమిటి, విడిచినదేమిటి అన్న ప్రశ్నను కూడా చర్చిస్తుంది.

కీలకపదాలు: నారాయణదాసు, నా యెఱుక, హరికథ, ధ్రువచరిత్ర, అచ్చతెనుగు, కళింగాంధ్ర, వంశస్మృతి.

1. ప్రవేశిక

కళింగాంధ్రకు సంబంధించిన ముగ్గురు ప్రముఖులు మూడు వరుస సంవత్సరాల్లో జన్మించారు. గురజాడ అప్పారావు 1862లో, శ్రీకాకుళం సమీపంలోని పర్వతాలపేటలో గిడుగు రామమూర్తి 1863లో, బొబ్బిలి ప్రాంతంలోని అజ్జాడలో 1864 ఆగస్టు 31న ఆదిభట్ల నారాయణదాసు. తెలుగువాడు తన్ను తాను ఏ భాషలో, ఏ రూపంలో గుర్తించుకోవాలన్న ప్రశ్న ముగ్గురి ముందూ ఉంది. గురజాడ నాటకంలోకి విజయనగరం వీధుల మాటను తెచ్చాడు. గిడుగు సవరల ఇండ్లకు వెళ్లి వారి భాషను నేర్చి, ఆ అనుభవంతోనే వాడుక తెలుగు పక్షాన నిలిచాడు. ఆధునికతను గురించిన చర్చల్లో ఈ ఇద్దరి పేర్లు జంటగా వినబడతాయి. మూడవవాని పేరు మాత్రం సంగీత చరిత్రలోకో, అవధాన విశేషాల జాబితాలోకో తరలిపోతుంది. ఆయన అంతటి సంప్రదాయవాది, ఆధునిక ప్రశ్నలతో ఆయనకేమి పని అన్న భావం దీనికి కారణం కావచ్చు. కాని తన కుటుంబం, తన ఊరు, తన బాల్యం, తన లోపాలు అన్నవాటిని వస్తువుగా తీసుకుని ఒక పుస్తకం రాసుకున్నవాణ్ణి ఆ ప్రశ్నకు వెలుపల నిలపడం న్యాయం కాదు.

అజ్జాడ చిరునామాయే ఈ ప్రాంతపు చరిత్రను కొంత చెబుతుంది. దాసు పుట్టిననాడు అది విశాఖపట్నం జిల్లా. 1950లో శ్రీకాకుళం జిల్లా ఏర్పడినప్పుడు బొబ్బిలి ప్రాంతం అందులో చేరింది. 1979లో విజయనగరం జిల్లా ఏర్పడగా దానిలోకి వచ్చింది. 2022 పునర్విభజనలో అజ్జాడ ఉన్న బలిజిపేట మండలం పార్వతీపురం మన్యం జిల్లాలోకి వెళ్లింది. ఊరు కదలలేదు, జిల్లాలు కదిలాయి. ఆ కారణంగానే దాసును ఏ జిల్లావాడని చెప్పుకోవాలన్నది సభల్లో ఒక చిన్న వివాదంగా మారుతుంటుంది. అంతకంటె లోతైన వివాదం మరొకటి ఉంది. 1757 జనవరిలో బొబ్బిలికీ విజయనగరానికీ మధ్య జరిగిన యుద్ధం ఆ తరువాత తరాలకు గాయకుల గొంతులో కథగా అందింది. బొబ్బిలి సంస్థాన విద్వాంసుని వద్ద సంగీతం మొదలుపెట్టి, విజయనగర సంస్థానంలో ఆస్థాన గౌరవం పొందినవాడు నారాయణదాసు. పాత వైరం గల రెండు కోటల మధ్య దారిని ఆయన పాటతో దాటాడు.

2. "ఎఱుక" అన్న మాట

కందుకూరి వీరేశలింగం తన ఆత్మకథకు "స్వీయచరిత్రము" అని పేరు పెట్టాడు. సంఘంలో జరిగిన సంఘటనలను, వాటిలో తన పాత్రను సాక్ష్యంతో నమోదు చేసే గ్రంథానికి "చరిత్ర" అన్న మాట తగినదే. నారాయణదాసు ఆ మాటను ఎన్నుకోలేదు. "నా యెఱుక" అన్నాడు. అచ్చతెనుగు మీది అభిమానమే ఈ ఎంపికకు కారణమని సరిపెట్టుకుంటే, ఆ మాటలో ఉన్న మూడు పొరలు చేజారిపోతాయి.

ఎఱుక అంటే జ్ఞానం. తత్త్వకవుల వాడుకలో అది ఆత్మజ్ఞానం కూడా. ఎఱుక అంటే పరిచయం, గుర్తు. మనిషిని మనిషి ఆనవాలు పట్టడం. ఈ రెంటితో పాటు ఎఱుక అంటే సోది. యక్షగానాల్లో బుట్ట చంకన పెట్టుకుని వచ్చి, నాయిక చెయ్యి చూసి, ఆమె మనసులోని మాటను, రానున్న కాలాన్ని చెప్పే ఎఱుకలసాని తెలుగు ప్రదర్శనకళలో చిరపరిచితమైన పాత్ర. ఆమె చెప్పేది ఎప్పుడూ ఎదుటివారి కథే. తన కథకు "ఎఱుక" అని పేరు పెట్టుకున్న ప్రదర్శకుడు తానే సోది అడిగేవాడు, తానే చెప్పేవాడు అవుతున్నాడు. నలుగురిలో నిలబడి వేషం మార్చకుండానే ఒక్కడే ధ్రువుడూ సునీతీ నారదుడూ కాగలిగినవానికి ఈ ద్విపాత్ర కొత్తది కాదు.

"చరిత్ర" రుజువు అడుగుతుంది. "ఎఱుక" ఆనవాలు అడుగుతుంది. యౌవనంలోని చాపల్యాలను దాచిపెట్టకపోవడం ఈ గ్రంథానికి పేరు తెచ్చిన గుణం. ఆ నిర్మొగమాటాన్ని కేవలం సత్యనిష్ఠగా మెచ్చుకోవడం అలవాటయింది. శ్రోతను నవ్వించి, తన్ను తాను తగ్గించుకుని, అసలు కథలోకి లాగే హరికథకుని నేర్పు కూడా అందులో ఉందని గమనించాలి.

3. అజ్జాడ ఇల్లు

తండ్రి పేరు వేంకటచయనులు, తల్లి లక్ష్మీనరసమ్మ. "చయనులు" అన్నది అగ్నిచయనం చేసిన యజ్వల ఇండ్లలో వినిపించే పేరు. "ఆదిభట్ల" అన్న ఇంటిపేరులోనూ భట్టశబ్దం ఉంది. తండ్రి వైపు వారసత్వం అంటే వేదం, శాస్త్రం, వాటిని క్రమంగా గురుముఖతః నేర్చే పద్ధతి. కాని ఇంట్లో పేదరికం ఉంది. పిల్లవానికి ఆ క్రమవిద్య చిన్ననాట సక్రమంగా అందలేదు. అందినది మరొకటి. పురాణం చదివే చోటుకు తల్లి అతన్ని వెంట తీసుకుపోయేది. పోతన పద్యాలు అక్షరాలుగా రాకముందే గొంతులుగా వచ్చాయి.

ఆయన జీవితకథలో బాగా ప్రసిద్ధమైన ఘట్టం దీని వెంటనే వస్తుంది. అయిదేళ్ల పిల్లవాడు పుస్తకాల అంగడిలో భాగవతం చూసి కొనిపెట్టమని తల్లిని అడిగాడు. అది ఆటవస్తువు కాదని అంగడివాడు వారించబోగా, పిల్లవాడు భాగవత పద్యాలు వరుసగా అప్పజెప్పాడు. అంగడివాడు ఆశ్చర్యపడి పుస్తకాన్ని కానుకగా ఇచ్చాడు. బాలమేధావి కథగా దీన్ని ఎన్నోసార్లు చెప్పుకున్నారు. ఇందులో మరొక సంగతి ఉంది. పుస్తకం చేతికి రాకముందే అందులోని పద్యాలు పిల్లవాని నోట ఉన్నాయి. చదువు నుంచి పాటకు వచ్చినవాడు కాదు నారాయణదాసు, పాట నుంచి చదువుకు వెళ్లినవాడు. జీవితమంతా ఆయన రచన ఈ క్రమంలోనే నడిచింది. ఆయన హరికథల్లోని పద్యాన్ని మౌనంగా చదివితే అక్కడక్కడ బరువుగా తోస్తుంది, పైకి పాడితే ఊపిరి తిరిగే చోటు దొరుకుతుంది.

రెండవ మలుపులోనూ ఒక స్త్రీయే ఉంది. పిల్లవాని సంగీతాసక్తిని గమనించిన అవ్వ అతన్ని బొబ్బిలి సంస్థానంలోని సంగీత విద్వాంసుడు, దగ్గరి బంధువు అయిన వాసా సాంబయ్య వద్దకు తీసుకుపోయింది. బొబ్బిలి అంటే వీణ. ఆ పట్టణపు పొరుగున గొల్లపల్లిలో పనసకర్ర దుంగను తొలిచి, ఒకే చెక్కతో వీణను చేసే సర్వసిద్ధి కుటుంబాల పనితనం నేటికీ ఉంది. వీణావాదనలో వాసావారి పేరు కూడా అంతటిదే. ఆ బంధుత్వాన్ని పిల్లవానికి చదువుగా మార్చినది అవ్వ. తల్లి భాగవతాన్నిచ్చింది, అవ్వ స్వరాన్నిచ్చింది. హరికథ అనే రూపానికి కావలసిన రెండు ముడిసరుకులూ ఈ ఇద్దరి చేతుల మీదుగానే వచ్చాయి. "పితామహ" శబ్దంతో మొదలయ్యే వంశావళిలో ఈ ఇద్దరికీ చోటు లేదు.

4. ధ్రువుడు ఎవరు?

1883లో మద్రాసు నుంచి వచ్చిన కుప్పుస్వామినాయుడు విజయనగరంలో హరికథ చెప్పగా విన్న పందొమ్మిదేళ్ల యువకుడు, ఆ రూపాన్ని తనది చేసుకోవాలనుకున్నాడు. ఆయన తొలి హరికథ "ధ్రువచరిత్రము". తరువాత అంబరీషుని కథ, గజేంద్రమోక్షణం, ప్రహ్లాదచరిత్ర, రుక్మిణీకల్యాణం వచ్చాయి. ఈ అయిదు కథలూ భాగవతంలోనివే: నాలుగవ స్కంధం ధ్రువునిది, ఏడవది ప్రహ్లాదునిది, ఎనిమిదవది గజేంద్రునిది, తొమ్మిదవది అంబరీషునిది, పదవది రుక్మిణిది. భారతం నుంచి సావిత్రి, భీష్ముడు, రామకథ నుంచి "యథార్థరామాయణం" ఆ కృషిని విస్తరించాయి. పునాది మాత్రం చిన్ననాట తల్లి పక్కన కూర్చుని విన్న గ్రంథం.

వాటిలోనూ ముందుగా ధ్రువుణ్ణే ఎన్నుకోవడం ఆలోచించదగిన విషయం. ఇది తండ్రి ఒడి నుంచి తోసివేయబడిన అయిదేళ్ల పిల్లవాని కథ. సవతితల్లి మాటకు ఉత్తానపాదుడు మౌనం వహించాడు. తల్లి సునీతి కొడుకును ఓదార్చి హరి వైపు దారి చూపింది. తపస్సు ఫలించి హరి ఎదుట నిలిచినప్పుడు పిల్లవానికి స్తుతించాలని ఉంది గాని మాట రాలేదు. శంఖంతో చెక్కిలిని తాకగానే వాక్కు వచ్చింది. తండ్రి ఇవ్వలేని స్థానం, తల్లి చూపిన దారి, అయిదేళ్ల వయస్సు, అకస్మాత్తుగా అబ్బిన వాక్కు, ఈ నాలుగూ అంగడి ఘట్టంలోని నాలుగు రేఖలే. తండ్రి నిరాకరించాడని ఎవరూ అనలేదు. ఆ ఇంట పేదరికమే ఆ పని చేసింది.

ఇక్కడ విమర్శ జాగ్రత్తపడాలి. జీవితం కథను మలిచిందని చెప్పడం తేలిక. కాని ధ్రువచరిత్ర ముందు వచ్చింది, ఆత్మకథ చాలా కాలం తరువాత వచ్చింది. వందలసార్లు ధ్రువుణ్ణి అభినయించిన మనిషి, తన అయిదవ ఏటిని జ్ఞాపకం చేసుకున్నప్పుడు ఆ జ్ఞాపకానికి ధ్రువుని ఆకృతి రాకుండా ఉంటుందా? బాల్యం నుంచి హరికథ పుట్టిందా, హరికథ నుంచి బాల్యం పుట్టిందా అన్నది తేలే విషయం కాదు, తేల్చవలసిన అవసరమూ లేదు. తన వంశచరిత్రను పురాణపు అచ్చులో పోసుకోవడం భారతీయ కళాకారులకు అలవాటే. నారాయణదాసు ప్రత్యేకత ఏమిటంటే, ఆ అచ్చును ఎవరి నోట విన్నాడో కూడా ఆత్మకథలో చెప్పి ఉంచడం.

సూర్యనారాయణ అన్న పేరు నారాయణదాసు కావడం కూడా ఈ కోవలోనిదే. "సూర్యనారాయణ" ఇల్లు పెట్టిన పేరు. "దాసు" వృత్తి పెట్టిన పేరు, వేదిక మీద సంపాదించుకున్నది.

5. గజ్జెలు, దాసుడు, దాసి

నారాయణదాసు కాశెకట్టు పంచెతో, మెడలో పూలమాలతో, చేత చిరుతలతో, కాళ్లకు గజ్జెలతో నిలబడి కథ చెప్పేవాడు. రెండు చేతులు, రెండు కాళ్లు, తల వేర్వేరు తాళాలు చూపగల లయసాధన ఆయనకు "లయబ్రహ్మ", "పంచముఖి పరమేశ్వర" వంటి కీర్తి తెచ్చింది. ఈ అద్భుతాల పట్టికను మళ్లీ అప్పజెప్పడం కంటె, శ్రోత్రియ కుటుంబంలో పుట్టినవాని కాళ్లకు ఆ గజ్జెలు ఎలా వచ్చాయని అడగడం మేలు.

కూచిపూడిలో బ్రాహ్మణ పురుషులు తరతరాలుగా గజ్జె కట్టారు. అక్కడ అది కొన్ని కుటుంబాల వంశవృత్తి, మేళపు పని. కళింగాంధ్ర వైదిక కుటుంబానికి అటువంటి పూర్వరంగం లేదు. ఆ కాలపు విజయనగరంలో ఆటపాటలు అనగానే తలపునకు వచ్చేది కళావంతులు. ఆనందగజపతి కాలంలోని ఆ నగరాన్నే గురజాడ "కన్యాశుల్కం"గా 1892లో రంగం మీదికి, 1897లో అచ్చులోకి తెచ్చాడు. ఆ నాటకంలో అందరికంటె తెలివైన పాత్ర మధురవాణి. సరిగ్గా ఆ సంవత్సరాల్లోనే మద్రాసు ప్రెసిడెన్సీలో నాచ్ వ్యతిరేకోద్యమం బలపడింది. దాని చివరి ఫలితంగా 1947లో మద్రాసు దేవదాసీ నిషేధ చట్టం వచ్చింది.

అంటే ఒక వర్గపు స్త్రీల కాళ్ల నుంచి సంఘం గజ్జెలను విప్పుతున్న దశలో, అవే గజ్జెలు ఒక బ్రాహ్మణ పురుషుని కాళ్లకు భక్తిచిహ్నంగా వెలిశాయి. "దాసుడు", "దాసి" ఒకే ధాతువు నుంచి వచ్చిన మాటలు. మొదటిది పేరుకు చివర చేరి గౌరవమైంది, రెండవది పేరుకు ముందు చేరి నింద అయింది. దీనికి నారాయణదాసును బాధ్యుణ్ణి చేయడం అనౌచిత్యం. ఆయన నృత్యాన్ని దొంగిలించలేదు, దానికి పౌరాణిక కథనంలో స్థానం కల్పించాడు. కాని ఆయన వేదికను "సమస్త లలితకళల సమాహారం" అని కీర్తించే వ్యాసాలు, ఆ కళల్లో ఒకదాని పూర్వపు యజమానురాళ్ల మాట ఎత్తకపోవడం లోపమే. యౌవనాన్ని గురించిన దాసు నిర్మొగమాటం అటువైపు ఒక కిటికీ తెరిచింది. విమర్శకులు మర్యాద కోసం దాన్ని మూసి ఉంచారు.

హరికథ తరువాతి చరిత్రలో ఒక తిరుగుడు ఉంది. ఇరవయ్యవ శతాబ్దంలో స్త్రీలు భాగవతారిణులుగా ఈ వేదిక మీదికి పెద్ద సంఖ్యలో వచ్చారు. కాశెకట్టు పంచె బదులు పట్టుచీర, అవే చిరుతలు, అవే గజ్జెలు. "పితామహుని" సొత్తుగా భావించిన రూపం స్త్రీల గొంతుకే తిరిగి చేరింది.

6. తల్లి నుడి, పండితుని నుడి

నారాయణదాసు భాషాకృషి ఒక విచిత్రమైన వైరుధ్యం. సంస్కృతంలో హరికథ రాశాడు. 1922లో వెలువడిన "నవరసతరంగిణి"లో షేక్స్పియరును, కాళిదాసును రసాల వారీగా పక్కపక్కన నిలిపి అనువదించాడు. 1932లో ఉమర్ ఖయాము రుబాయీలను ఫిట్జెరాల్డు ఇంగ్లీషు నుంచీ పారసీ మూలం నుంచీ కూడా సంస్కృతంలోకి, అచ్చతెనుగులోకి తెచ్చాడు. అన్ని కిటికీలూ తెరిచి ఉన్న ఇల్లు ఇది. అయినా అదే మనిషి లలితా సహస్రనామాలను "తల్లివిన్కి"గా అచ్చతెనుగు చేశాడు, "సీమపల్కువహి" పేరుతో అచ్చతెనుగు నిఘంటుకృషి చేశాడు. అన్యభాషాపదం తగలని తెలుగును వెదికాడు.

"తల్లివిన్కి" అన్న పేరు ఈ వెదుకులాట ఎటువైపో చెబుతుంది. పొన్నగంటి తెలగన కాలం నుంచి అచ్చతెనుగు ప్రధానంగా విద్యాప్రదర్శనం, చేయగలనని చూపడం. నారాయణదాసు దాన్ని తల్లికి అంకితమైన వాక్కుగా, మూలానికి తిరిగి వెళ్లే దారిగా భావించాడు. ఈ భావం గొప్పది. ఫలితం మాత్రం వేరు. నిఘంటువు లేనిదే "తల్లివిన్కి"లోని చాలా నామాలు నేటి పాఠకునికి అందవు, నాటి సామాన్య శ్రోతకూ అంది ఉండవు. అజ్జాడలో తల్లి పాడిన పోతన పద్యం సంస్కృత సమాసాలతో నిండినది. ఆ ఇంటి స్త్రీలు మాట్లాడుకున్న తెలుగులో పురాణపు సంస్కృతం, కచేరీ ఉర్దూ, పొరుగు ఒడియా కలిసి ఉంటాయి. తల్లి నిజంగా మాట్లాడిన భాష ఒకటి, తల్లి పేరు మీద పండితుడు నిర్మించిన భాష మరొకటి. గిడుగు ఈ తేడాను పట్టుకున్నాడు, అందుకే ఉన్న నోళ్ల నుంచి భాషను సేకరించాడు. గురజాడ మధురవాణి చేత, బైరాగి చేత ఆ కలగలుపునే మాట్లాడించాడు.

కాబట్టి నారాయణదాసును ఆయన అచ్చతెనుగు సిద్ధాంతంతో గాక ఆయన హరికథలతో కొలవడం న్యాయం. ఒకే కథలో వృత్తపద్యం, మంజరి, కీర్తన, వచనం మారుతూ, సంస్కృతం పక్కన తేలిక తెలుగు కూర్చుని, పండితునికీ పామరునికీ ఎవరి వాటా వారికి అందించే ఆ భాషే తల్లి నుడికి దగ్గర. తన సిద్ధాంతం కంటె తన వేదికే ఆయనకు మెరుగైన గురువు.

7. ముప్ఫై ఏళ్ల వద్ద ఆగిన పుస్తకం

1919లో పూసపాటి విజయరామ గజపతి విజయనగరంలో సంగీత కళాశాల నెలకొల్పి నారాయణదాసును తొలి అధ్యక్షునిగా నియమించాడు. విద్యార్థిగా చేరవచ్చిన ద్వారం వేంకటస్వామినాయుడు అక్కడే వయొలిన్ ఆచార్యుడయ్యాడు, 1936లో దాసు స్థానంలో అధ్యక్షుడయ్యాడు. ఘంటసాల, సుశీల ఆ కళాశాలలో చదివినవారే. క్రమవిద్య సరిగ్గా అందని పిల్లవాడు ఒక క్రమవిద్యాలయానికి పదిహేడేళ్లు పెద్దగా ఉండటం ఆత్మకథకు దొరికే మంచి ముగింపు. "నా యెఱుక"లో అది లేదు. గ్రంథం సుమారు ముప్ఫయ్యవ ఏడు వరకే నడిచి ఆగిపోతుంది. బిరుదులు, గండపెండేరాలు, కళాశాల, షేక్స్పియరు, ఖయాము, ఇవన్నీ ఆ హద్దుకు అవతలివి.

అసంపూర్ణత అని కొందరు దీన్ని విచారంగా చెబుతారు. ఉన్న భాగాన్ని బట్టి చూస్తే ఆ విచారం అవసరం లేదు. ఇల్లు, ఊరు, భాగవతం, వీణ, చాపల్యం, తొలి హరికథ, కొన్ని సంచారాలు, ఎఱుకకు కావలసినదంతా అప్పటికే వచ్చేసింది. ఆ తరువాతి జీవితాన్ని ఇతరులు రాశారు. "పితామహుడు" అన్న మాట వారిదే.